ఏడో ప్రతివాది

రిజిస్టర్డ్ పోస్టులో వచ్చిన ఆ కవరును మా ఆవిడ సంతకం పెట్టి తీసుకుంది. విప్పి చూస్తే హైకోర్టులో వేసిన రిట్ పిటిషను నకలు. పైన పిటిషనరు పేరు, కింద వరసగా ప్రతివాదులు. హోం శాఖ ముఖ్య కార్యదర్శి, జిల్లా ఎస్పీ, డీఎస్పీ, మా స్టేషన్ హౌస్ ఆఫీసరు, నగరపాలక సంస్థ కమిషనరు. ఆరోది మా కాలనీ సంక్షేమ సంఘం. ఏడోది నేను. నా పేరు, మా నాన్న పేరు, వయసు, వృత్తి దగ్గర "విశ్రాంత తెలుగు అధ్యాపకుడు, సంఘం కార్యదర్శి" అని ఉంది. లైసెన్సు తీసుకుని కూరలు అమ్ముకుంటున్న ఒక మనిషి తన కొట్టుకు పోలీసు రక్షణ ఇప్పించమని కోర్టును అడిగింది. ప్రతివాదుల్లో మొదటి నలుగురూ ఆ రక్షణ ఇవ్వాల్సినవాళ్లు. ఐదో ఆయన లైసెన్సు ఇచ్చినవాడు. చివరి ఇద్దరం, ఆమెకు ఎవరి నుంచి రక్షణ కావాలో వాళ్లం.

అది 2023 జూన్ నెలాఖరు. ఊరు గుంటూరు. కాలనీ పేరు రాయను. రాస్తే మిగతా కాలనీల వాళ్లు తమ గురించి కాదనుకుంటారు. ఆమె పేరూ రాయను. మా పుణ్యాన ఆ పేరు ఇప్పటికే చాలా కాగితాల మీదికి ఎక్కింది.

అంతకుముందు పదకొండేళ్లు ఆమె ఆర్టీసీ బస్టాండు దగ్గర తోపుడు బండి మీద కూరలు అమ్మింది. ఎండకూ వానకూ, బండి తియ్యమని లాఠీ ఆడించేవాళ్లకూ అలవాటు పడిన మనిషి. కూతురు ఇంటర్లో చేరాక నీడపట్టున ఒక కొట్టు పెట్టుకోవాలనుకుంది. డ్వాక్రా గ్రూపులో కొంత అప్పు తీసుకుంది. ముద్ర పథకంలో శిశు కింద ఇచ్చే 50,000 బ్యాంకు చుట్టూ తిరిగి తెచ్చుకుంది. మా మూడో వీధిలో, కొడుకు దగ్గరికి అమెరికా వెళ్లిపోయిన ఒకాయన ఇంటి కారు షెడ్డు అద్దెకు తీసుకుని కర్రీ పాయింటు తెరిచింది. వార్డు సచివాలయంలో దరఖాస్తు పెట్టి ట్రేడ్ లైసెన్సు తెచ్చుకుంది. దాన్నీ, పద్నాలుగు అంకెల నంబరున్న ఆహార భద్రత రిజిస్ట్రేషన్నూ ఫ్రేములు కట్టించి గోడకు తగిలించింది. ఆ రెండు ఫ్రేముల పక్కన ఏసు ప్రభువు క్యాలెండరు.

మొదటి మూడు వారాలు కాలనీ అంతా అక్కడే కొన్నది. కప్పు కూర 30 రూపాయలు. టమాటా పప్పు, గుత్తి వంకాయ, పప్పుచారు, ఆదివారం గోంగూర మటను, తలకాయ కూర. మా ఇంట్లో ఉండేది ఇద్దరమే. మా ఆవిడకు మోకాళ్ల నొప్పులు, పొయ్యి దగ్గర ఎక్కువసేపు నిలబడలేదు. సాయంత్రం నడకకు వెళ్లి వస్తూ నేను దొండకాయ వేపుడు కట్టించుకుని వచ్చేవాణ్ణి. వెల్లుల్లి కారం, పైన కాస్త ఎండుకొబ్బరి పొడి. ఆ వేపుడు తిన్న నోటితోనే తర్వాత మాటలన్నీ అన్నాను.

ఒక సాయంత్రం పొట్లం కట్టేదాకా నిలబడి, "మీరు ఏ పేట నుంచి వస్తారమ్మా?" అని అడిగాను. మా వైపు ఆ ప్రశ్నకు ఒకటే అర్థం. ఆమెకూ తెలుసు. దాచలేదు, పేట పేరు చెప్పింది. నేను తల ఊపి, డబ్బులిచ్చి, ఇంటికొచ్చి ఆ పేరు మా ఆవిడతో అన్నాను. మర్నాడు నడకలో ఇద్దరు మిత్రులతో అన్నాను. వారం తిరిగేసరికి పది పదిహేను ఇళ్లలో పొట్లాలు ఆగిపోయాయి. మా ఇంట్లోనూ ఆగిపోయాయి.

ఆ తర్వాత జరిగిన సంఘం సమావేశాల్లో కులం పేరు ఒక్కసారి కూడా ఎవరి నోటా రాలేదు. మినిట్స్ పుస్తకం మొదటి నుంచి చివరి దాకా తిరగేసినా దొరకదు. దాన్ని మా సంస్కారం అనుకున్నాం. పేరు ఎత్తకుండానే అందరికీ ఒకే విషయం అర్థమయ్యే చోట పేరుతో పనేముంది?

మార్చిలో మొదటి అర్జీ రాసింది నేను. అప్పట్లో సోమవారం జరిగే స్పందన ఫిర్యాదుల కార్యక్రమంలో ఇవ్వడానికి. దాని గురించి కాస్త వివరంగా చెప్పాలి, ఎందుకంటే ఈ వ్యవహారంలో నా చేతి పని అదే. మొదటి చిత్తుప్రతిలో "సదరు దుకాణము నుండి వచ్చు మాంసపు వాసన వలన" అని రాశాను. కోశాధికారి చదివి, మెయిన్ రోడ్డు మలుపులో మన సంఘానికి ఏటా చందా ఇచ్చే బిర్యానీ హోటలుందని గుర్తు చేశాడు. మాంసం అంటే అదీ వస్తుంది. కొట్టేసి "దుర్వాసన" అని మార్చాను. రెండో అంశంగా "నివాస ప్రాంతములో వ్యాపారము" అని రాశాను. అదే వీధిలో ట్యూషన్ సెంటరుంది, బ్యూటీ పార్లరుంది, ఒక డాక్టరుగారి భార్య ఇంట్లోనే పచ్చళ్లు పట్టి అమెరికాకు పంపే హోమ్ ఫుడ్స్ ఉంది. అదీ తీసేశాను. దుర్వాసన అన్నా ఇన్‌స్పెక్టరు వచ్చి ముక్కుతో చూసి లేదంటే ఏం చేస్తామని ఇంకొకరన్నారు. చివరికి నాకే దొరికింది ఆ మాట. "కాలనీ వాతావరణమునకు భంగము కలుగుచున్నది." వాతావరణం అన్నదాన్ని ఎవరూ కొలవలేరు. ఎవరూ లేదనలేరు. అందరూ నన్ను మెచ్చుకున్నారు. మేస్టారి కలం బలం అన్నారు. నేనూ లోలోపల పొంగిపోయాను.

ఇరవై ఎనిమిదేళ్లు నేను పిల్లలకు వ్యాకరణం చెప్పాను. కర్త, కర్మ, క్రియ. ఏ వాక్యంలోనైనా ముందు ఎవరు చేశారో వెతకండి అని చెప్పేవాణ్ణి. మన భాషలో "కలుగు" అనే క్రియ ఉంది. దాన్ని పెట్టుకుంటే చేసినవాడు తప్పుకోవచ్చు. ఇబ్బంది కలుగుచున్నది. అశాంతి నెలకొనుచున్నది. మనోభావములు దెబ్బతినుచున్నవి. ఎవరికి, ఎవరి వల్ల, ఏ రోజున అని అడిగేవాడుండడు. ఆ నాలుగు నెలల్లో నేను రాసిన అర్జీలు మొత్తం ఆరు. నకళ్లు నా దగ్గరే ఉన్నాయి. మొన్న వాటిని పక్కపక్కన పెట్టుకుని, పిల్లల జవాబు పత్రాలు దిద్దినట్టు ఎర్ర పెన్నుతో కర్త కోసం వెతికాను. ఆరు అర్జీల్లో ఒక్కచోట కూడా లేడు.

ఇప్పుడు ఆ పని చేస్తాను. వాక్యాలకు కర్తను పెడతాను.

అర్జీ పడ్డ ప్రతిసారీ కార్పొరేషన్ నుంచి మనిషి వచ్చి చూసి వెళ్లేలా మేం చేశాం. మొదటిసారి పొగగొట్టం ఎత్తు పెంచమన్నారు. ఆమె పెంచింది. రెండోసారి మూతలున్న చెత్తడబ్బాలు పెట్టమన్నారు. పెట్టింది. మూడోసారి అడగడానికి ఏమీ లేక నీళ్ల పరీక్ష కాగితం అడిగారు. అదీ తెచ్చింది. ఒక్కో తనిఖీకి ఆమెకు ఒక పూట బేరం పోయింది. మేం కాగితం మీద ఓడిపోయిన ప్రతిసారీ ఆమె ఒక రోజు కూలి నష్టపోయింది.

ఒక నిజం కూడా చెప్పాలి. ఏప్రిల్లో ఒకసారి వీధి కాలువలో జిడ్డు పేరుకుని నీళ్లు నిలిచాయి. అది కర్రీ పాయింటు జిడ్డే. చెప్పిన సాయంత్రానికే ఆమె మనిషిని పెట్టి తీయించింది, జాలీ బిగించింది. మా ఫిర్యాదుల్లో నిజమైనది అదొక్కటే. తీరిపోయింది కూడా అదొక్కటే. అందుకేనేమో, తర్వాతి అర్జీల్లో మేం దాని ఊసు ఎత్తలేదు.

మే నెల నుంచి రోజూ సాయంత్రం 6 గంటలకు రెండు కార్లు తెచ్చి కొట్టు ముందు అడ్డంగా నిలిపాం. రాత్రి 9 దాకా తీయలేదు. నాకు కారు లేదు. ఏ రోజు ఎవరి కారో రాసిన కాగితం మాత్రం నా చేతిరాతే. ఒక రాత్రి ఆమె షట్టరుకు ఎవరో రెండో తాళం వేశారు. "ఎవరో" అని మళ్లీ రాశాను. ఎవరు వేశారో మాకు తెలుసు. ఆ కుర్రాడు మా సంఘం ఉపాధ్యక్షుడి ఇంటి పిల్లవాడు. పొద్దున్నే ఆమె వెల్డింగ్ షాపు మనిషిని పిలిపించి తాళం కోయించుకుంటుంటే మేం ఐదుగురం పాల ప్యాకెట్లు పట్టుకుని నిలబడి చూశాం.

జూన్ రెండో వారంలో ఒక సాయంత్రం ఇరవై మందిమి వెళ్లి కొట్టు ముందు నిలబడ్డాం. మాట్లాడదామని. నేను ముందు వరసలో ఉన్నాను. మాటకు మాట పెరిగింది. మాలో ఒకడు బల్ల తోశాడు. పప్పుచారు బేసిను ఒరిగి ఆమె అత్తగారి కాలి మీద పడింది. డెబ్బై ఏళ్ల మనిషి. పాదం నుంచి పిక్క దాకా బొబ్బలు. మర్నాడు పేపరు జిల్లా పేజీలో చిన్న వార్త వచ్చింది. "తోపులాట జరిగింది" అని. ఆ విలేకరికి ఫోన్లో ఆ వాక్యం చెప్పింది నేనే.

ఆమె స్టేషనుకు వెళ్లింది. అక్కడ ఆమెకు దొరికిన సలహా, శాంతిభద్రతల సమస్య అవుతుంది, పది రోజులు కొట్టు మూసుకో అమ్మా అని. ఈ మాట మన దేశంలో ప్రతి స్టేషనులోనూ వినపడుతుంది. గొడవ చేస్తామన్నవాణ్ణి ఇంట్లో కూర్చోబెట్టడం కష్టం, గొడవ పడలేనివాణ్ణి ఇంటికి పంపడం తేలిక. 1989లోనే సుప్రీంకోర్టు ఈ సాకును కొట్టేసింది. ఎస్. రంగరాజన్ కేసు అంటారు. రిజర్వేషన్లను విమర్శించిన 'ఒరే ఒరు గ్రామత్తిలే' అనే తమిళ సినిమా ఆడితే అల్లర్లవుతాయన్న వాదన వచ్చింది. అల్లరి చేస్తామన్నవాళ్లను అదుపులో పెట్టడం ప్రభుత్వం పని అని, మా వల్ల కాదని తప్పుకుంటే బెదిరింపుకు లొంగిపోవడమేనని కోర్టు చెప్పింది. రిజర్వేషన్లను తప్పుపట్టిన సినిమాకు ఆనాడు దొరికిన సూత్రమే, మా వీధిలో ఒక దళిత స్త్రీ కూరల కొట్టుకూ అక్కరకొచ్చింది. చట్టం అలా ఉండటమే న్యాయమని నేను ఒప్పుకోవడానికి చాలా కాలం పట్టింది.

పిటిషను ఎలా పడిందో తర్వాత తెలిసింది. ఒక యువ న్యాయవాది ఫీజు లేకుండా వేశాడు. రాజ్యాంగం 226వ అధికరణం కింద రిట్. 19(1)(జి) ప్రకారం ఇష్టమైన వృత్తి, వ్యాపారం చేసుకునే హక్కు, 21 ప్రకారం బతికే హక్కు. మేమూ వకీలును పెట్టుకున్నాం. సంఘం నిధి నుంచే. ఇది ఇద్దరు ప్రైవేటు వ్యక్తుల తగాదా, సివిల్ కోర్టుకు వెళ్లాలి అని మా వాదన. నేలపాడులో హైకోర్టు గదిలో వెనక వరసలో కూర్చుని విన్నాను. పది నిమిషాలు కూడా పట్టలేదు. లైసెన్సు చెల్లుబాటులో ఉందా అని అడిగారు. ఉంది. దాన్ని రద్దు చేయమని ఎవరైనా అప్పీలు చేశారా? లేదు. అభ్యంతరం ఉంటే చట్టం చూపించిన దారిలో వెళ్లాలి తప్ప వీధిలో తేల్చుకోకూడదని, పిటిషనరు వ్యాపారానికి ఎవరూ అడ్డం రాకుండా పోలీసులు తగిన రక్షణ కల్పించాలని ఉత్తర్వు.

మాలో ఒక రిటైర్డు తహసీల్దారు ఉన్నాడు. చట్టం తెలిసిన మనిషి. మొదటి అర్జీనాడే నన్ను పక్కకు పిలిచి, "ఇది నిలబడదు మేస్టారూ, ఆవిడ కాగితాలు శుభ్రంగా ఉన్నాయి" అన్నాడు. అని, సంతకం పెట్టాడు. ఒక బ్యాంకు ఉద్యోగిని, ఇద్దరు చిన్నపిల్లల తల్లి, ఆ కొట్టు వల్ల రోజుకు గంట మిగులుతోందని మా ఆవిడతో చెప్పింది. సమావేశంలో చెప్పలేదు. ఇంటికి ఒకరిని పిలిచి అడిగితే సగం మంది ఆ కొట్టు ఉండాలనే అనేవారు. ఎవరూ అడగలేదు. అడగాల్సిన కార్యదర్శిని నేను.

ఉత్తర్వు వచ్చాక సీఐ మమ్మల్ని స్టేషనుకు పిలిపించాడు. ఇంకోసారి కారు అడ్డం పెడితే 107వ సెక్షను కింద తహసీల్దారు ముందు బైండోవర్ చేయిస్తానన్నాడు. బైండోవర్ అన్న మాట రౌడీషీటర్ల వార్తల్లో చదివిందే గానీ మా చెవిన పడుతుందని మేం ఎన్నడూ అనుకోలేదు. ఇద్దరు పెద్దమనుషులకు కళ్లలో నీళ్లు తిరిగాయి. అవమానం అన్నారు. ఆమె అత్తగారి కాలి గురించి ఆ గదిలో మాలో ఎవరమూ అడగలేదు.

అదే వారం కొట్టు ముందు ప్లాస్టిక్ కుర్చీ వేసుకుని పొద్దున పూట ఒక కానిస్టేబులు, సాయంత్రం ఒక మహిళా హోంగార్డు కూర్చోవడం మొదలైంది. మేం కార్లు తీసేశాం. తాళాలు వేయలేదు. మాట అనలేదు. కోర్టు మమ్మల్ని ఏం చేయొద్దందో అదేదీ చేయలేదు. కొనడం మాత్రం మానేశాం.

అసలు చెప్పాలనుకున్నది ఇదే. మాలో ఎవరూ ఎవరికీ కొనొద్దని చెప్పలేదు. పోలీసులున్నచోట మనకెందుకు అన్నాం. అక్కడ గొడవలు, పిల్లల్ని పంపకండి అన్నాం. హాస్టల్లో ఉండే కుర్రాళ్లు మొదట్లో వచ్చేవాళ్లు. ఖాకీ బట్టలు చూసి వాళ్లూ తగ్గారు. ఏ కాపలా మా నుంచి ఆమెను రక్షించడానికి వచ్చిందో, ఆ కాపలానే చూపించి మేం ఆమె బేరం చెడగొట్టాం. మధ్యాహ్నం 1 గంటకు ఆ వీధిలో నడుస్తుంటే, మూతలు పెట్టిన గిన్నెలు వరసగా, గరిటెలు తుడిచి పెట్టి, ఆమె నిలబడి ఉండేది. కూర్చునేది కాదు. గిరాకీ వచ్చినప్పుడు కూర్చుని ఉంటే బాగోదని కాబోలు.

ఒకరోజు ఆ కానిస్టేబులును పలకరించాను. మా కాలేజీలో చదువుకున్న కుర్రాడే, నేను గుర్తుపట్టలేదు, అతను గుర్తుపట్టాడు. లేచి నిలబడి నమస్కారం పెట్టాడు. డ్యూటీ ఎన్నాళ్లురా అని అడిగాను. "తెలీదు సార్. ఎవర్నీ గొడవ చేయనీయొద్దని చెప్పారు. ఇక్కడ గొడవేమీ లేదు సార్. ఎవరూ రావట్లేదు" అన్నాడు. ఇంకేదో అనబోయి ఆగాడు. కాసేపటికి, "మీరు మాకు గబ్బిలం చెప్పారు సార్" అన్నాడు.

చెప్పాను. జాషువాది అప్పటి మా జిల్లాలోని వినుకొండ. గుడి లోపలికి రానివ్వని మనిషి తన గోడు శివుడికి చేర్చమని గబ్బిలాన్ని బతిమాలుకుంటాడు. 1941లో వచ్చిన ఆ కావ్యాన్ని ఇరవై ఎనిమిదేళ్లు ఏటా చెప్పాను. గొంతు వణికించి చెప్పేవాణ్ణి, పిల్లలు కళ్లు తుడుచుకునేవాళ్లు. ఆ గుడి తలుపు దగ్గర నిలబడి వెళ్లగొట్టినవాడు ఎవరో, అతనికి ఏ ఇల్లుందో, సాయంత్రాలు ఎవరితో నడకకు వెళ్తాడో ఒక్క ఏడాదైనా తరగతిలో మాట్లాడలేదు. అక్కడా కర్తను వదిలేశాను.

1991 ఆగస్టు 6న అప్పటి మా జిల్లాలోనే చుండూరులో ఎనిమిది మంది దళితులను చంపారు. అంతకుముందు ఊళ్లో వాళ్లకు పనులివ్వకుండా బహిష్కరించారు. అప్పుడు నేను కొత్తగా చేరిన లెక్చరర్ని. ఖండన పత్రం మీద సంతకం పెట్టాను. ఆ సంతకం మీద ముప్పై రెండేళ్లు నిశ్చింతగా బతికాను. బహిష్కారం అంటే పల్లెలో, పొలం గట్ల మీద, కర్రలు పట్టుకున్న మనుషులు చేసేదనుకున్నాను. స్టీలు గిన్నెలో సొంతంగా కూర వండుకుని తినడం కూడా బహిష్కారం కాగలదని నాకు తట్టలేదు.

రాజ్యాంగంలో 15వ అధికరణం రెండో క్లాజులో దుకాణాలు, హోటళ్లలోకి ఎవరినీ కులం కారణంగా రానివ్వకుండా ఆపకూడదని ఉంది. అంటరానివాడని కొట్టులోకి రానివ్వని రోజులను చూసి రాసిన మాట అది. కొట్టు అతనిదే అయినప్పుడు, లోపలికి రావాల్సినవాళ్లే రాకపోతే? ఆ సంగతి అంబేడ్కర్ ముందే ఆలోచించాడు. 1947లో ఆయన రాసిన 'స్టేట్స్ అండ్ మైనారిటీస్'లో బహిష్కారాన్ని నేరంగా ప్రకటించాలని అడిగాడు. నిర్వచనాన్ని బర్మాలో 1922లో చేసిన బహిష్కార నిరోధక చట్టం నుంచి తీసుకున్నాడు. ఆయన అడిగింది మన ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టంలోకి 2015 సవరణతో గానీ రాలేదు. 2016 జనవరి 26 నుంచి అమలు. ఆ నిర్వచనంలో, మామూలుగా ఒక మనిషితో ఉండే వ్యాపార సంబంధాలు మానుకోవడం కూడా ఆర్థిక బహిష్కారమే అని ఉంది. శిక్ష ఆరు నెలలకు తక్కువ కాకుండా ఐదేళ్ల దాకా. ఆ పేజీ చదివిన రాత్రి నేను పడుకోలేదు. వ్యాపార సంబంధం మానుకోవడం అంటే మా వంటింట్లో ఆగిపోయిన పొట్లమే.

ఆ చట్టం కింద ఆమె కేసు పెట్టలేదు. ఆమె వకీలు పెడదామన్నాడట. "కేసు పెడితే వచ్చి కూరలు కొంటారా బాబూ" అందట. ఈ మాట నాకు చెప్పింది ఆ హోంగార్డు. సాయంత్రం డ్యూటీ అయ్యాక రోజూ తన ఇంటికి రెండు కప్పుల పప్పు కొనుక్కుని వెళ్లేది ఆమె. చివరి నెలలో ఆ కొట్టుకు వచ్చిన బేరం అదొక్కటే అయిన రోజులు ఉన్నాయి. హోంగార్డు జీతం ఎంతో మా కాలనీలో అందరికీ తెలుసు.

దసరా దాటిన వారం ఆమె కొట్టు ఖాళీ చేసింది. ఆమె భర్త ఆటోలో గిన్నెలు మూడు విడతలుగా తీసుకెళ్లారు. గోడ మీది ఫ్రేములు ఆమె చేత్తో పట్టుకుని ముందు సీటులో కూర్చుంది. ట్రేడ్ లైసెన్సుకు మార్చి 31 దాకా గడువుంది. స్టేషను రికార్డులో, పిటిషనరు స్వచ్ఛందంగా దుకాణం మూసివేసినందున బందోబస్తు ఉపసంహరించడమైనది అని రాశారని తర్వాత విన్నాను. స్వచ్ఛందంగా అన్న మాట చూసి కోపం తెచ్చుకునే హక్కు నాకు లేదు. అంతకంటే నేర్పుగా నేను ఆరు అర్జీలు రాశాను.

డిసెంబరులో ఒకసారి బస్టాండుకు వెళ్లాను. మళ్లీ తోపుడు బండి. మధ్యాహ్నం, జనం మూగి ఉన్నారు. డ్రైవర్లు, కండక్టర్లు, ఆసుపత్రి పని మీద పల్లెల నుంచి వచ్చినవాళ్లు. ఏం చెప్పాలో ఇంటి దగ్గర అనుకుని వెళ్లినవన్నీ అక్కడ నిలబడేసరికి పోయాయి. నా వంతు వచ్చింది. ఆమె తలెత్తి చూసింది. "దొండకాయ వేపుడు అయిపోయింది మేస్టారూ, పప్పు ఇమ్మంటారా?" అంది. పప్పు తీసుకున్నాను. డబ్బులిచ్చాను. చిల్లర లెక్కపెట్టి చేతిలో పెట్టింది. వెనక మనిషి తొందర పెడుతుంటే పక్కకు జరిగాను. అత్తగారి కాలు ఎలా ఉందని అడగడానికి కూడా నోరు రాలేదు.

సంఘం మినిట్స్ పుస్తకం ఇంకా నా దగ్గరే ఉంది. 2023 నవంబరు సమావేశం పేజీలో, నా చేతిరాతతో, "మూడవ వీధి కర్రీ పాయింటు సమస్య పరిష్కారమైనది" అని ఉంది. పదకొండు మంది సంతకాలున్నాయి. ఆ వాక్యాన్ని కొట్టేయాలని పెన్ను తీశాను. నియమావళి ప్రకారం ఆమోదం పొందిన మినిట్స్‌ను కార్యదర్శి ఒక్కడూ దిద్దకూడదు. సర్వసభ్య సమావేశంలో తీర్మానం పెట్టి, ఒకరు ప్రతిపాదించి, ఇంకొకరు బలపరిచి, ఓటు వేయాలి.

మా సర్వసభ్య సమావేశం ఏటా ఉగాది వెళ్లిన ఆదివారం జరుగుతుంది. 2024లో తీర్మానం పెట్టాను. పాత వాక్యం తీసేసి దాని స్థానంలో, "చట్టప్రకారం లైసెన్సు ఉన్న కర్రీ పాయింటును, నడిపే ఆమె కులం కారణంగా, మనం మూయించాం" అని చేర్చాలని. చదివి కూర్చున్నాను. బలపరిచేవాళ్లు లేచి నిలబడమని అధ్యక్షుడు అడిగాడు. ఫ్యాన్ల చప్పుడు తప్ప ఏమీ వినపడలేదు. "ఇప్పుడెందుకు మేస్టారూ, అయిపోయిందిగా" అన్నాడు కోశాధికారి, మెల్లగా, నా మంచి కోరినట్టే. తర్వాతి అంశం వీధి దీపాలు.

2025లో మళ్లీ పెట్టాను. ఆ బ్యాంకు ఉద్యోగిని కుర్చీ అంచుకు జరిగింది. భర్త ఆమె మోచేతి మీద చెయ్యి వేశాడు. ఆమె లేవలేదు.

వచ్చే ఉగాదికి తీర్మానం కాగితం రాసి పుస్తకంలో పెట్టుకున్నాను. వాక్యం అదే. "మనం" దగ్గర ఒక్క మార్పు చేశాను. పదకొండు మంది పేర్లూ వరసగా రాశాను. మొదటి పేరు నాది.